అక్కడ మాటల్లేవు

సంక్రాంతి సెలవలకి డొంకరాయి వచ్చాను. ఈ వారం ఇక్కణ్ణించే రాస్తున్నాను గనుక అక్షరాలకి కాస్త చలి పట్టి ఉంటే చదువరులు మన్నించాలి. పొద్దున్న తొమ్మిదింటిదాకా సీలేరు మీద మంచు లేవదు. ఆనకట్ట ఉందని తెలిసినవాడికే అక్కడ ఆనకట్ట. తెలియనివాడికి తెల్లటి దుప్పటి. మా నాన్నగారు ఇక్కడి విద్యుత్ కేంద్రంలో చాలా ఏళ్లు పనిచేసి రిటైరయ్యారు. ఇప్పుడు మా అన్నయ్య అదే పనిలో ఉన్నాడు. ఆ క్వార్టర్సు వరండాలోనే నాన్నగారి పడక్కుర్చీ. డొంకరాయి కేంద్రం చిన్నది, 25 మెగావాట్లు. ఇక్కడ ఆగిన నీళ్లు కాలవ పట్టుకుని పోయి మోతుగూడెం దగ్గిర పొల్లూరు కేంద్రాన్ని తిప్పుతాయి, పెద్దది అది. "నీళ్లు పంపేది మనం, పేరు వాళ్లది" అని నాన్నగారు ఇప్పటికీ అంటూంటారు.

మొన్న రాత్రి మా అన్నయ్య కొడుకు టీవీలో ‘హై నూన్’ పెట్టాడు. 1952 నాటి బొమ్మ, నలుపు తెలుపు. వాడికి పద్ధెనిమిదేళ్లు. పది నిమిషాలు చూసి లేచిపోతాడనుకున్నాను. లేవలేదు. గంటా ఇరవై అయిదు నిమిషాలు కదలకుండా కూచుని, అయిపోయాక నావైపు తిరిగి, "బాబాయ్, ఆయన ఏమీ చెయ్యడం లేదు గదా, మరి మనం ఎందుకు చూస్తున్నాం?" అన్నాడు.

ఆయన అంటే గేరీ కూపర్. పోయింది 1961లో. మా వాడి తాతగారి తరం కూడా కాదు, ఇంకా ముందు తరం మనిషి. వాడికి ఇంగ్లీషు బాగానే వచ్చుగాని, ఆ గుర్రాల మనుషుల యాస వాడికీ నాకూ సగమే అంటింది. అయినా చూశాం. వాడి ప్రశ్నకి ఆ రాత్రి నేను చెప్పిన జవాబు నాకే నచ్చలేదు. "పెద్ద నటుడురా" అని ఊరుకున్నాను. తెలుగు మాస్టర్లం, జవాబు తెలియనప్పుడు విశేషణం వాడటం మాకు అలవాటు.

ఆ చిత్రం చూడనివారికి కథ రెండు ముక్కల్లో చెబుతాను. పన్నెండు గంటల బండికి పగవాడు దిగుతున్నాడు. ఊరికి కాపలా అయిన మార్షల్ ఆ ఉదయమే పెళ్లి చేసుకుని, ఉద్యోగానికి నమస్కారం పెట్టాడు. వెళ్లిపోవచ్చు. వెళ్లలేక వెనక్కి వస్తాడు. సాయానికి రమ్మని గుమ్మం గుమ్మానికీ తిరుగుతాడు. ఒక్కడూ రాడు. గోడమీద గడియారం మాత్రం నడుస్తూ ఉంటుంది. కూపర్‌కి అప్పటికి యాభై ఏళ్లు దాటాయి. కడుపులో పుండు, నడుంనొప్పి. దర్శకుడు ఫ్రెడ్ జిన్నెమన్ ఆ బడలికనే కావాలన్నాడు, మొహానికి రంగు పెద్దగా వెయ్యనివ్వలేదు. ఒక్కొక్క తలుపూ మూసుకుంటున్నప్పుడు ఆ మొహం పగలదు, అరవదు; ఒక గీత మాత్రం లోతవుతుంది. ఒక్కసారి, ఎవరూ లేరనుకున్నప్పుడు, బల్లమీద తల ఆనిస్తాడు. ఒక కుర్రాడు లోపలికి రాగానే సర్దుకుంటాడు. ఆ ఏడు ఉత్తమ నటుడి ఆస్కార్ ఆయనకే వచ్చింది. 1941 నాటి ‘సార్జెంట్ యార్క్’కి ఇచ్చినదాంతో కలిపి అది రెండోది.

అదే ఘట్టం మన నాటకంలో అయితే? నాలుగు గుమ్మాలకి నాలుగు పద్యాలు. తప్పు పట్టడానికి అనడం లేదు. నేను ఎమ్మే చదివింది ఆ పద్యాల మీదే, తింటున్నదీ ఆ పద్యాల కూడే. మన రంగస్థలం ఆరుబయట పుట్టింది. మైకు లేని రోజుల్లో వెయ్యి మంది మధ్య, ఆఖరి వరసలో చాపమీద పడుకున్న ముసలాయనకి కూడా కృష్ణరాయబారం వినపడాలి. వినపడాలంటే గొంతు కావాలి, రాగం కావాలి. మొహం ఎవరికి కనపడుతుంది? పెట్రోమాక్సు వెలుగులో కిరీటం తళుక్కు కనిపిస్తే చాలు. స్థానం నరసింహారావుగారి వంటివారు చూపుతో, నడకతో, కొంగు సర్దుకోవడంతో జనాన్ని నిలబెట్టారని పెద్దలు చెబుతారు; అల్లాంటివారు అరుదు గనుకే చెప్పుకున్నారు. 1932లో మన మొదటి టాకీ ‘భక్త ప్రహ్లాద’ వచ్చేనాటికి తెరమీదికి వెళ్లినవాళ్లంతా ఆ గొంతులు పట్టుకుని వెళ్లినవాళ్లే. హాలీవుడ్‌వాళ్లకి ఆ పాటికి మూకీల్లో చాలా ఏళ్లు గడిచాయి. మాట లేకుండా మొహంతో బతకడం వాళ్లకి ముందే అబ్బింది. కూపర్ మూకీల నుంచి వచ్చినవాడే.

ఇదంతా తరగతిలో చెప్పే పాఠంలాగే ఉంది. నాకు ఆ సంగతి నిజంగా తెలిసింది మాత్రం తరగతిలో కాదు, ఇదే డొంకరాయిలో, నా పదో ఏటనో పదకొండో ఏటనో.

అప్పుడు ఈ కాలనీలో ఒక క్లబ్బు ఉండేది. క్లబ్బంటే ఒక రేకుల షెడ్డు, ఒక క్యారంబోర్డు, నాలుగు దినపత్రికలు. అవీ ఒకరోజు ఆలస్యంగా వచ్చేవి. నెలకో రెండు నెలలకో ఒకసారి పదహారు మిల్లీమీటర్ల ప్రొజెక్టరు వచ్చేది. ఆటస్థలంలో రెండు గుంజలకి తెల్లగుడ్డ కట్టేవారు. అటువైపు కూచున్నవాళ్లకి బొమ్మ తిరగబడి కనిపించేది, ఎడమచేతి వాటం హీరోలు. జనం ఎక్కువైతే అటూ కూచునేవారు. చుట్టుపక్కల గూడేల నుంచి కొండరెడ్లు, కోయలు, వాల్మీకులు కాగడాలు పట్టుకుని దిగేవారు. మామూలుగా తెలుగు బొమ్మలే. ఒక ఏడు మాత్రం, ఎవరి పుణ్యమో, వరసగా రెండు ఇంగ్లీషు బొమ్మలు వచ్చాయి. ‘ది గన్స్ ఆఫ్ నవరోన్’, ‘మెకన్నాస్ గోల్డ్’. మొదటిది 1961 నాటిది, రెండోది 1969 నాటిది. రెండింటికీ హీరో గ్రెగరీ పెక్, దర్శకుడు జె. లీ థామ్సన్.

ఇంగ్లీషు వచ్చినవాళ్లు ఆ జనంలో ఐదారుగురు ఇంజనీర్లు. వాళ్లు కుర్చీల్లో కూచుని తమలో తాము నవ్వుకునేవారు. మిగతావాళ్ల గతి? మాకు ఫిట్టరు మేస్త్రి ఒకాయన ఉండేవారు. కాలనీ పిల్లలందరికీ మేస్త్రి మామయ్య. ఆయన ప్రొజెక్టరు పక్కన స్టూలు వేసుకుని, మైకు పట్టుకుని, బొమ్మ నడుస్తుండగానే తెలుగులో చెప్పుకుపోయేవారు. ఆయనకి ఇంగ్లీషు ఎంత వచ్చో దేవుడికెరుక. "రాయుడుగారూ, మీరు మా దారికి అడ్డం రాకండి" అని ఒకడంటే, "నీ దారి ఎక్కడిదిరా, ఈ అడవి నీ తాతదా" అని ఇంకొకడనేవాడు. అందరికీ పేర్లు పెట్టేశారు. ఒమర్ షరీఫ్ రాయుడుగారు. గ్రెగరీ పెక్ మాత్రం "మనవాడు". ‘నవరోన్’లో మనవాడి జట్టు వానలో, చీకట్లో నిటారు కొండ ఎక్కుతుంటే, మా కొండవాళ్లలో పెద్ద నవ్వు లేచింది. "ఆ పక్కనించి చుట్టుతిరిగి పోరాదా" అని ఒక పెద్దాయన గట్టిగా సలహా చెప్పాడు. ఆ నవ్వులో మేస్త్రి మామయ్య కథ కూడా కాసేపు ఆగిపోయింది.

‘మెకన్నాస్ గోల్డ్’లో మనవాణ్ణి దొంగలు పట్టుకుంటారు. బంగారం ఉన్న చోటు పటం వాడి బుర్రలోనే ఉంది, కాగితం కాల్చేశాడు. అటూ ఇటూ అందరూ అరుస్తారు, ఆశపడతారు, బేరాలాడతారు. మనవాడు గుర్రంమీద కూచుని ఊరికే చూస్తాడు. పెక్ అంత పొడుగు మనిషి అల్లా ఊరికే చూస్తుంటే, ఆ చూపు తమదాకా ఎప్పుడొస్తుందోనని మిగతావాళ్లు తడబడుతున్నట్టుంటుంది. అల్లాంటి చోట మేస్త్రి మామయ్య కూడా ఆగిపోయేవారు. కల్పించడానికి ఆయనకి అడ్డేముంది? మిగతా అందరి నోట్లోనూ మాటలు పెట్టిన మనిషే. అయినా పెక్ నోట్లో పెట్టలేదు. మైకు దగ్గిరికి తీసుకుని, గొంతు తగ్గించి, "ఇక్కడ మాటల్లేవమ్మా, మీరే చూసుకోండి" అన్నారు.

అందరూ చూసుకున్నారు. వందల మంది జనం, ఒక్క దగ్గు లేదు. ప్రొజెక్టరు టకటక మాత్రం.

చివర భూకంపం వచ్చి ఆ బంగారులోయంతా కూలిపోతుంది. "కొండని కెలికితే ఊరుకుంటదా" అని ఇందాకటి పెద్దాయనే అన్నాడు. ఆ మాట మా ఇంజనీర్లు విన్నారో లేదో తెలియదు. నేను మాత్రం ఇంటికి వెళ్లేటప్పుడు చీకట్లో ఆనకట్ట వైపు ఒకసారి చూసుకున్నాను.

మా వాడి ప్రశ్నకి జవాబు ఆ స్టూలు దగ్గిరే ఉందని ఇప్పుడనిపిస్తోంది. భాష తెలియని మనిషికి మాటలు చెప్పడానికి ఇంకొకడు కావాలి. మాట్లాడకుండా ఉన్న మొహానికి ఎవడూ అక్కర్లేదు. అక్కడ ప్రేక్షకుడే తన మాటలు పోసుకుంటాడు. డొంకరాయిలో కోయ ఆయన కోయలో పోసుకుంటాడు, నేను గోదావరి తెలుగులో పోసుకుంటాను. అందుకే ఆ బొమ్మలు పాతబడవు. మాట పాతబడుతుంది, పెట్టిన టోపీ, తొడిగిన కోటు పాతబడతాయి. వింటున్న మనిషి మొహం పాతబడదు.

అల్లాగని ఆ హీరోలంతా మూగవాళ్లని కాదు సుమండీ. క్లార్క్ గేబుల్ వాచాలుడు. 1934 నాటి ‘ఇట్ హ్యాపెన్డ్ వన్ నైట్’లో ఆయన నోటికి తాళం లేదు. దానికే ఆస్కార్ వచ్చింది. ఆ బొమ్మలో చొక్కా విప్పితే లోపల బనీను లేకపోయేసరికి అమెరికాలో బనీన్ల బేరం పడిపోయిందని ఒక కథ చెబుతారు. బనీన్లవాళ్లు ఏమన్నారోగాని కథ మాత్రం పోలేదు. మార్లన్ బ్రాండో వచ్చాక పద్ధతే మారింది. స్టెల్లా ఆడ్లర్ దగ్గిర నేర్చుకున్నాడు. రష్యాలో స్తానిస్లావ్‌స్కీ వేసిన విత్తనం అది. మాట నములుతాడు, మింగుతాడు. 1954 నాటి ‘ఆన్ ది వాటర్‌ఫ్రంట్’లో పిల్లతో పార్కులో నడుస్తూంటే ఆమె చేతి తొడుగు జారిపడుతుంది. అది తీసి ఇచ్చెయ్యకుండా దుమ్ము దులుపుతూ, ఉయ్యాల మీద కూచుని, తన మొరటు చేతికే తొడుక్కుంటాడు. వాడికి ఆ పిల్లమీద ఉన్నదంతా ఆ వేళ్లలో ఉంది. పైకి నడుస్తున్న సంభాషణ వేరే. పది ప్రేమలేఖలు రాయించినా అంత రాదు.

గ్రెగరీ పెక్ సంగతే మళ్లీ చెప్పాలి. ‘నవరోన్’లో ఆయన పాత్ర జర్మను ధారాళంగా మాట్లాడాలి. ఆయనకి రాదు. ఆ మాటలు ఇంకొకరి గొంతుతో పెట్టారు. మనవాడి మాట మనవాడిది కాదన్నమాట! మేస్త్రి మామయ్యకి ఈ సంగతి తెలిస్తే ఎంత సంతోషించేవారో. 1962 నాటి ‘టు కిల్ ఎ మాకింగ్‌బర్డ్’లో నల్లవాడి పక్షాన వాదించే ప్లీడరు వేషం వేసి ఆస్కార్ తీసుకున్నాడు. అమెరికన్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌వారు తెరమీది వీరుల జాబితా వేస్తే మొదటి స్థానం కత్తి పట్టినవాడికీ కాదు, తుపాకీ పట్టినవాడికీ కాదు, కళ్లజోడు పెట్టుకున్న ఈ ప్లీడరుకి ఇచ్చారు. అది 2003లో, పెక్ కన్నుమూసిన ఏడాదే.

సరే, మనవాళ్ల మాటేమిటి? మా కాలేజీ స్టాఫు రూములో ఈ ప్రసంగం వస్తే ఒక మిత్రుడు ప్రతిసారీ ఒకే మాట అంటాడు: "మనవన్నీ కాపీలే మాస్టారూ." 1966లో కృష్ణగారి ‘గూఢచారి 116’ జేమ్స్ బాండు పుణ్యం, 1971లో ‘మోసగాళ్లకు మోసగాడు’ క్లింట్ ఈస్ట్‌వుడ్ పుణ్యం అని ఆయన లెక్క. లెక్క తప్పు కాదు, సగంలో ఆపారు. ఈస్ట్‌వుడ్‌ని ఆ టోపీలో నిలబెట్టిన సెర్జియో లియోనీ ఇటలీవాడు. ఎడారులు స్పెయిన్‌వి. 1964 నాటి మొదటి బొమ్మ కథ జపానులో కురోసావా 1961లో తీసిన ‘యోజింబో’ది. ఆ కురోసావా అమెరికావాడు జాన్ ఫోర్డ్ చిత్రాలంటే చెవి కోసుకునేవాడు. ఈ గుర్రం ఎవరిదో తేల్చడానికి ఏ కోర్టుకి వెళ్లాలి? చివరికి అది ఆరుద్రగారి రచనలో, కె.ఎస్.ఆర్. దాస్ దర్శకత్వంలో రాజస్థాన్ ఎడారికి చేరి తెలుగు మాట్లాడింది. ‘ట్రెజర్ హంట్’ అని ఇంగ్లీషు మాటలు తొడుక్కుని మళ్లీ బయటిదేశాలకీ వెళ్లింది.

నాకు ఇంకొకటి ముఖ్యంగా కనిపిస్తుంది. ఆ తర్వాత మూడేళ్లకే, 1974లో, అదే కృష్ణగారు ‘అల్లూరి సీతారామరాజు’ అయ్యారు. ఆ చిత్రం చాలాభాగం ఈ కొండల వరసలోనే, చింతపల్లి ప్రాంతంలో తీశారు. రూథర్‌ఫర్డ్‌గా జగ్గయ్యగారు, మాటలు త్రిపురనేని మహారథి. ఆఖరున తుపాకుల ముందు సీతారామరాజు మాట్లాడే మాటలు జనానికి కంఠస్థం. కౌబాయిగా పెదవి బిగించినవాడు ఇక్కడికి వచ్చేసరికి గొంతు విప్పాల్సి వచ్చింది. మన చెవి ఊరుకోదు గదా. నాన్నగారికి ఇప్పటికీ ఆ ఘట్టమే ఇష్టం. నాకూ ఇష్టమే, అబద్ధమెందుకు?

తక్కువ మాటల నటన మనవాళ్లకి చేతకాక కాదు. నాగేశ్వరరావుగారి ‘దేవదాసు’ (1953) అందరికీ తెలుసు. 1961 నాటి ‘బాటసారి’ చూసినవాళ్లు తక్కువ. శరత్ కథ, భరణీవారి చిత్రం, ఎదురుగా భానుమతిగారు. లోకం తెలియని, నోట్లో నాలుక లేని మనిషి పాత్ర. ఆ మెత్తటి అడుగులూ, తనకేం కావాలో తనకే తెలియని ఆ చూపూ చూస్తే హాలీవుడ్ ప్రస్తావన ఎందుకు తెచ్చానా అనిపిస్తుంది. డబ్బు రాలేదు. మా స్టాఫు రూము మిత్రుడికి ఆ పేరు చెబితే, "అందులో డైలాగులేం ఉన్నాయండీ" అన్నాడు. రంగారావుగారి సంగతి వేరు. ‘నర్తనశాల’ (1963) కీచకుడికి ఆ కంచుగొంతూ ఉంది, గొంతు లేచేలోపల లేచే కనుబొమా ఉంది. జకార్తాలో ఆఫ్రో ఆసియా చిత్రోత్సవంవారు బహుమతి ఇచ్చింది తెలుగు విని కాదు గదా.

ఇంతా చెప్పి, నేను చేసిన పని చెప్పకపోతే బాగుండదు.

కిందటేడు మా కాలేజీ వార్షికోత్సవానికి ఒక నాటిక వేయించాను. నేనే రాశాను, దర్శకత్వమూ నాదే. అందులో ముఖ్యపాత్ర ఒక తండ్రి. పట్నంలో పనికి వెళ్లిన కొడుకు ఇక రాడని ఉత్తరం వస్తుంది. ఆ వేషానికి ఒక కుర్రాడు ముందుకొచ్చాడు. మా డొంకరాయి పక్క గూడెంవాడే, కొండరెడ్డి. హాస్టల్లో ఉండి చదువుతున్నాడు. గొంతు చిన్నది. మూడుసార్లు చదివించాను. "ఆఖరి వరసకి వినపడదు నాయనా" అని చెప్పి, గొంతున్న ఇంకొక అబ్బాయికి ఇచ్చాను. వీణ్ణి తెర లాగడానికి పెట్టాను. వాడు "సరే సార్" అన్నాడు, అంతే.

ఒకనాడు రిహార్సలుకి ఆ గొంతున్నవాడు రాలేదు. ఊరికే లెక్కకి నిలబడరా అని వీణ్ణి నిలబెట్టాను. ఉత్తరం చదివే పిల్ల చదువుతోంది. వీడు మాటలు బట్టీ పట్టలేదు, నేను పట్టమననూ లేదు. చదువుతున్నంతసేపూ ఆ కాగితం వైపు చూడకుండా, గుమ్మం పక్కన గోడకి చెయ్యి ఆనించి, ఆ చేతిని మెల్లిగా కిందికి జార్చుకుంటూ కూచున్నాడు. చదివే పిల్ల ఆగిపోయింది. నేను కాపీలో తర్వాతి మాట వెతుక్కుంటూ, "ఊఁ, కానివ్వండి" అన్నాను.

చూడలేదనను. చూశాను. అప్పటికి ఆహ్వాన పత్రికలు అచ్చయ్యాయి, పేర్లు పడ్డాయి, ఆ రెండో కుర్రాడి తండ్రికి ఊళ్లో పలుకుబడి ఉంది. అదీ ఇదీ కలిసి నా నోరు లేవలేదు. మామూలుగా అన్నింటికీ లేచే నోరే. నాటిక బాగానే నడిచింది. చప్పట్లు కూడా పడ్డాయి. తెర సమయానికి లాగాడు.

మొన్న వారపు సంతలో వాడు కనిపించాడు. అమ్మతో వచ్చాడు, ఆవిడ అడ్డాకుల కట్టలూ, చింతపండూ అమ్ముతోంది. నన్ను చూసి గబగబా వచ్చి, "సార్, ఈ ఏడు నాటకం ఉందా?" అన్నాడు.

ఉందన్నాను.

"మాటలెక్కువా సార్?"

"తక్కువే" అన్నాను.

అదింకా రాయలేదు. సెలవలు ఇంకా నాలుగు రోజులున్నాయి. నాన్నగారి పడక్కుర్చీ పక్కన కూచుని మొదలుపెట్టాను. ఒక పేజీ అయింది. అందులో సగం కొట్టేశాను.